పాపతో లంక ఊరికి కాపురం మారుస్తున్నాం. గోదారి మధ్యలో రోజులు ఎలా గడుస్తాయో చెప్పండి

తొలకరి | మే 27, ఉదయం 10:14

అందరికీ నమస్కారం. నేను పుట్టి పెరిగింది హైదరాబాద్‌లో. మా ఆయనది కోనసీమలో వశిష్ఠ గోదారి పాయల మధ్య ఉన్న ఒక లంక ఊరు. మావయ్యగారికి మోకాళ్ళు బాగా ఇబ్బంది పెడుతున్నాయి, అరటితోట చూసుకునే మనిషి లేడు. అందుకని మా ఆయన ఉద్యోగం మానేసి ఊరు వెళ్ళిపోదామన్నారు. నేను ఇష్టంగానే ఒప్పుకున్నాను.

పెళ్ళయి ఏడేళ్ళయినా నేను ఆ ఊరు చూసింది సంక్రాంతికీ ఎండాకాలం సెలవులకీ మాత్రమే. అప్పుడు ఏటికి అడ్డంగా వేసిన కాజ్‌వే మీద బండి వెళ్తుంది, గోదారి ఎక్కడో దూరంగా పారుతూ కనిపిస్తుంది. వానాకాలంలో ఒక్కసారీ వెళ్ళలేదు. పాపకు ఐదేళ్ళు, ఈ జూన్‌లో ఒకటో తరగతి. బడి ఏటి అవతల ఉంది. నాకు ఈత రాదు, నీళ్ళంటే చిన్నప్పటి నుంచీ భయం.

అత్తయ్యగారిని అడిగితే "మేమంతా బతకట్లేదా అమ్మా, ఏం కాదు" అంటారు. ఆవిడ ధైర్యం చెప్పడానికే అన్నారని తెలుసు. కానీ నాకు వివరంగా కావాలి. పడవ ఎలా ఎక్కాలి, నీళ్ళు ఎప్పుడొస్తాయో ఎలా తెలుస్తుంది, ఇంట్లోకి వస్తే ఏం చేస్తారు? లంకల్లో ఉన్నవాళ్ళు దయచేసి చెప్పండి.

రేవుగట్టు | మే 27, ఉదయం 11:02

అక్కా, మా నాన్న ముప్పై ఏళ్ళు పడవ నడిపారు. నేను ఇప్పుడు వేరే పనిలో ఉన్నా, వరదల్లో మనుషులు చాలకపోతే ఇప్పటికీ వెళ్తాను. పడవ సంగతి నేను చెప్తాను.

ఎక్కేటప్పుడు కాలు అంచు మీద పెట్టొద్దు, నడిమధ్యలో పెట్టాలి. ఎక్కిన వెంటనే కూర్చోవాలి. అవతలి ఒడ్డు దగ్గరికి రాగానే అందరూ ఒకేసారి లేచి ముందుకి తోసుకొస్తారు చూడండి, ప్రమాదాలు ఎక్కువ జరిగేది అక్కడే. మీరు చివర దిగండి. పాపని ఒళ్ళో కూర్చోబెట్టుకోండి కానీ చీర కొంగుతో మీ నడుముకి కట్టుకోవద్దు. లైఫ్ జాకెట్ పాప సైజుది మీ డబ్బుతోనే కొని ఇంట్లో పెట్టుకోండి. రేవులో ఉండేవి పెద్దవాళ్ళ సైజువి, పిల్లలకి వేస్తే నీళ్ళలో పైకి జారిపోతాయి.

ఇంకోటి. వరద నీటిలో పడవని తిన్నగా అవతలి రేవుకి పోనివ్వరు. ముందు ఒడ్డు వెంబడే ఎగువకి కొంత దూరం తీసుకెళ్ళి, అక్కడ నుంచి ఏటవాలుగా దాటిస్తారు. వడి లాక్కొచ్చి సరిగ్గా రేవులో దింపుతుంది. మొదటిసారి చూస్తే పడవ ఎటో కొట్టుకుపోతోందని గుండె ఆగినట్టవుతుంది. భయపడకండి, అదే పద్ధతి. అలా కాకుండా ఎవరైనా తిన్నగా కొట్టాడంటే అతనికి పని రాదన్నమాట, ఆ పడవ ఎక్కకండి.

లంక మాస్టారు | మే 27, మధ్యాహ్నం 1:40

అమ్మాయీ, నీళ్ళు ఎప్పుడొస్తాయో ముందే తెలుస్తుంది. అదే గోదారి మనకి చేసే మేలు. కొండవాగులా అరగంటలో మీద పడదు.

ఈ అంకెలు ఒక కాగితం మీద రాసి గోడకి అంటించుకో. ధవళేశ్వరం బ్యారేజీ దగ్గర నీటిమట్టం 11.75 అడుగులకి వస్తే మొదటి హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది. నీటి లెక్కలో చెప్పాలంటే సుమారుగా 10 లక్షలు, 13 లక్షలు, 17 లక్షల క్యూసెక్కులు. భద్రాచలంలో ఇవే హెచ్చరికలు 43, 48, 53 అడుగులకి ఇస్తారు. అక్కడ పెరిగిన నీరు మనదాకా రావడానికి సుమారు ఒక రోజు పడుతుంది. ఆ ఒక్క రోజే మనకి పని చేసుకునే సమయం.

ఒక్కటి మాత్రం మర్చిపోవద్దు. శబరి నది వచ్చి గోదారిలో కలిసేది కూనవరం దగ్గర, అంటే భద్రాచలం దిగువన. అందుకని భద్రాచలంలో తగ్గుముఖం అని టీవీలో చెప్పగానే సామాను దించేసుకోకూడదు. శబరి పొంగుతూంటే అక్కడ తగ్గుతున్నా మనకి పెరుగుతుంది. నేను ఈ పొరపాటు చేసి ఒకసారి రెండు బస్తాల బియ్యం పోగొట్టుకున్నాను.

1986 ఆగస్టు వరద నా కళ్ళారా చూశాను. భద్రాచలంలో 75.6 అడుగులు. మా ఇంట్లో నీళ్ళు ఎంతవరకూ వచ్చాయో మా నాన్నగారు గోడ మీద మేకు కొట్టి గుర్తు పెట్టారు. అది దాటి మళ్ళీ రాలేదు. 2022లో 71.3 అడుగులు వచ్చినప్పుడు మేకుకి జానెడు కిందకి వచ్చి ఆగింది. అది జులై నెల. ఆగస్టు కదా పెద్ద వరదల కాలం అని అందరం నిదానంగా ఉన్నాం, ఊరంతా కంగారు పడింది. మీ ఇంట్లో కూడా ఏదో ఒక గుర్తు ఉంటుంది, మీ మావయ్యగారిని అడుగు. అది తెలిస్తే ఏ సామాను ఎంత ఎత్తులో పెట్టాలో తెలుస్తుంది.

గట్టు అవతల | మే 27, సాయంత్రం 4:25

నేను వేరేగా చెప్తున్నాను, ఏమీ అనుకోకండి. పాపని తీసుకెళ్ళకండి. కనీసం బడికి రోజూ పడవ మీద పంపే పరిస్థితి అయితే వద్దు. 2018 జులైలో పశువుల్లంక దగ్గర, కడుతున్న వంతెన పిల్లరుకి తగిలి పడవ బోల్తా పడింది. బడి నుంచి ఇళ్ళకి వస్తున్న ఆడపిల్లలు పోయారు. ఆ వారం రోజులూ ఒడ్డున నిలబడ్డ తల్లిదండ్రుల్ని నేను చూశాను. ఆ మొహాలు ఇప్పటికీ మర్చిపోలేదు.

పడవవాళ్ళని తప్పు పట్టట్లేదు. ఎంత నేర్పున్నా నీటి దగ్గర ఒక్క క్షణం చాలు. లంకలవాళ్ళు అలవాటైపోయి ఈ మాట ఒప్పుకోరు.

రేవుగట్టు | మే 27, సాయంత్రం 5:10

అన్నా, ఒప్పుకుంటాను. ఆ రోజు మా నాన్న అన్నం తినలేదు. పిల్లల్ని ఎక్కించుకున్న పడవ అంటే ఇప్పటికీ నాకు చేతులు వణుకుతాయి.

అక్కా, మా ఊళ్ళో చాలామంది ఏం చేస్తారంటే, ఎర్రనీరు (వరదతో వచ్చే ఎర్రటి బురదనీరు) వచ్చిన దగ్గర నుంచి, అంటే జులై మొదట్లో నుంచి సెప్టెంబరు చివరిదాకా చిన్నపిల్లల్ని గట్టు అవతల చుట్టాల ఇళ్ళలో ఉంచుతారు. శనివారం సాయంత్రం తెచ్చుకుని సోమవారం దింపుతారు. నీరు ఎక్కువుంటే అదీ లేదు. మీకు అవతల ఎవరైనా ఉన్నారా?

తొలకరి | మే 27, రాత్రి 9:30

మా ఆయన చిన్నత్త అవతలి ఊళ్ళోనే ఉంటారు, బడికి నాలుగు వీధుల దూరం. పాపంటే ప్రాణం ఆవిడకి. ఇంతవరకు నాకు ఆ ఆలోచనే రాలేదు. కానీ ఐదేళ్ళ పిల్లని మూడు నెలలు వదిలి ఉండటం... ఆలోచిస్తాను.

గట్టు అవతల గారూ, మీరు చెప్పింది చదివి ఏడుపొచ్చింది. అయినా చెప్పినందుకు థాంక్స్ అండి. మా ఆయనకీ చదివి వినిపించాను.

మాస్టారూ, మావయ్యగారికి ఫోన్ చేశాను. గుర్తు ఉందిట! దేవుడి గది తలుపు చట్రం మీద గొడ్డలితో పెట్టిన గాటు. నేను అన్నిసార్లు ఆ గదిలో దీపం పెట్టాను కానీ అది ఏమిటో తెలీదు.

మరి తాగే నీళ్ళు? పాములు? కరెంటు?

నాగమల్లి | మే 28, ఉదయం 6:50

చెల్లెమ్మా, నేనూ మెరక ఊరి నుంచి లంకకి వచ్చిన కోడలినే. పదహారేళ్ళయింది. ఇంటి సంగతులు నేను చెప్తాను.

నీళ్ళు: ఇప్పుడు చాలా ఊళ్ళకి కుళాయిలు ఉన్నాయి, డబ్బా నీళ్ళూ వస్తాయి. కానీ పడవ ఆగిన రోజున డబ్బా రాదు, మోటారు మునిగితే కుళాయి రాదు. జులై రాగానే మూతలున్న డ్రమ్ములు రెండు కడిగి సిద్ధంగా పెట్టుకో, మొదటి హెచ్చరికకే నింపేయాలి. అవీ అయిపోతే ఎర్రనీరే గతి. దాన్ని కుండలో పోసి పటిక ముక్క రెండుమూడు సార్లు తిప్పి వదిలేస్తే మట్టి అడుక్కి దిగుతుంది. మా అత్తగారు ఇండుప గింజ వాడేవారు. కుండ లోపలి గోడకి గింజని గుండ్రంగా అరగదీసి నీళ్ళు పోస్తే పొద్దుటికి తేటగా ఉండేవి. తేట అయినంత మాత్రాన తాగొద్దు, కాచి చల్లార్చి తాగాలి. పిల్లకి ఇంకా జాగ్రత్త.

పాములు: వస్తాయి. వాటి బొరియల్లోకీ నీరు వెళ్ళింది కదా, మెరక కోసం అవీ చూస్తాయి. కట్టెల పొయ్యి దగ్గర, గడ్డివాములో, చెప్పుల్లో, మడత మంచాల్లో. చేతిలో టార్చి లేకుండా అడుగు వెయ్యకు. చీకట్లో చెయ్యి పెట్టి ఏదీ తీయకు.

కరెంటు: నీరు ఊళ్ళోకి రాగానే తీసేస్తారు, తీసేయడమే మంచిది. ఛార్జింగ్ లైట్లు, ఫోన్‌కి పవర్ బ్యాంకు ఉంచుకో. గ్యాస్ సిలిండర్ తాడుతో కిటికీ ఊచకి కట్టెయ్, లేకపోతే తేలి కొట్టుకుపోతుంది.

అన్నిటికంటే ముఖ్యం, ఇది ఎవరూ చెప్పరు. ఇంట్లోకి వచ్చిన నీరు తీస్తున్నప్పుడే, అంటే వెనక్కి తగ్గుతున్నప్పుడే, ఒండ్రు కడిగేయాలి. మోకాలి లోతు నీళ్ళున్నప్పుడే చీపురు పట్టుకుని నేల కెలుకుతూ ఉండాలి, ఆ నీటితోనే బురద బయటికి పోతుంది. నేను మొదటి ఏడాది నీరంతా పోయాక కడుగుదాం అని కూర్చున్నాను. తెల్లారేసరికి జిగురుబంక మట్టి జానెడు మందాన పేరుకుంది, రెండు రోజులు పారతో గోకాను. మూలల్లో ఎండిపోయిన మట్టి దీపావళికి కూడా రాలుతూనే ఉంది.

ఊరి నర్సు | మే 28, ఉదయం 8:15

పైవన్నీ సరైనవే. నా వంతు రెండు మాటలు. వానాకాలం ముందే మేము లంకల్లో గర్భిణుల జాబితా రాసుకుంటాం. డెలివరీ తేదీ దగ్గరపడ్డవాళ్ళని వరద రాకముందే ఆస్పత్రికి దగ్గరగా మార్చేస్తాం. మీ మావయ్యగారికి బీపీ, షుగర్ మందులు ఉంటే ఒక నెలకి సరిపడా జులై మొదట్లోనే తెచ్చి పెట్టుకోండి. పడవ ఆగే రోజులు నాలుగే కావచ్చు, మాత్ర ఆపడానికి మాత్రం ఆ నాలుగు రోజులూ ఎక్కువే.

పాముకాటు అయితే కట్టు కట్టడం, కోయడం, పసరు వేయడం ఏదీ చేయొద్దు. కాటు పడ్డ కాలు కదపకుండా ఉంచి పడవ ఎక్కించడమే. రాత్రయినా సరే వెంటనే ఆశా కార్యకర్తకి ఫోన్ చేయండి, ఆవిడ నంబరు ఇంట్లో అందరి దగ్గరా ఉండాలి.

కోత భూమి | మే 28, మధ్యాహ్నం 12:33

అందరూ వరద గురించే చెప్తున్నారు. వరద వస్తుంది, పోతుంది. మాకు ఏడుపు వరద వెళ్ళాక.

నీరు తీస్తున్నప్పుడు గట్టు కింద ఇసుక జారిపోయి, పైనున్న నేల పెళ్ళలు పెళ్ళలుగా విరిగి పడుతుంది. రాత్రి పడుకుంటే చప్పుడు వినిపిస్తుంది, ఎవరో పెద్ద బస్తా నీళ్ళలోకి విసిరినట్టు. ఒక్కో చప్పుడుకి ఒక్కో కొబ్బరిచెట్టు. మా తాతగారికి నాలుగెకరాలు. ఇప్పుడు మిగిలింది ఎకరం పది సెంట్లు. మిగతాదానికి కాగితం నా బీరువాలో ఉంది, భూమి గోదారి అడుగున ఉంది. రాళ్ళ గట్టు వేసిన చోట కోత ఆగింది, మా చోట వేయలేదు. అర్జీలు ఎన్ని పెట్టామో లెక్కలేదు.

అమ్మా తొలకరి, మీ తోట ఏ పక్కన ఉందో చూసుకో. ఏరు వంపు తిరిగి ఒరుసుకుంటూ పోయే పక్కన ఉంటే కోత, నేల ఇలా విరిగిపోతుంది. దానికి ఎదుటి పక్కన ఉంటే మేట, ఒండ్రు పేరుకుంటుంది. మీ ఆయన ఉద్యోగం మానేసి వస్తున్నాడంటే ఇది ముందే తెలుసుకుని రావాలి.

మెరక మనిషి | మే 28, మధ్యాహ్నం 2:05

అడగకూడదేమో కానీ అడుగుతున్నా. ఇన్ని కష్టాలు పడుతూ ఎందుకు ఉండటం? గట్టు ఇవతల స్థలాలు ఇస్తే వచ్చేయొచ్చు కదా?

కోత భూమి | మే 28, మధ్యాహ్నం 2:50

ఇల్లు మార్చొచ్చు. రెండు గేదెలు, ఒక ఆవు, గడ్డివాము, కొబ్బరి రాశి, పలుగూ పారా ఎక్కడ పెట్టుకోవాలి రెండు సెంట్లలో? పొద్దున్నే పాలు పితకాలంటే నాలుగింటికి పడవ ఎవరు వేస్తారు? మా ఊళ్ళో కొందరు ఇవతల ఇల్లు కట్టుకున్నారు. పిల్లలు అక్కడ, పెద్దవాళ్ళు ఇక్కడ. రెండు కాపురాలు, రెండు ఖర్చులు.

భూమి సంగతి నన్ను అడగండి. నాలుగెకరాల్లో మూడు పోగొట్టుకున్నవాణ్ణి, అయినా చెప్తున్నాను. ఒండ్రు పడ్డ నేలలో అరటిపిలక నాటితే ఎరువు పెద్దగా అడగదు. ఇలాంటి మట్టి మెరక మీద ఎక్కడా లేదు.

లంక మాస్టారు | మే 28, రాత్రి 7:20

మెరక మనిషి గారు అడిగింది తప్పు కాదు, నా పిల్లలూ ఇదే అడుగుతారు. వాళ్ళు విశాఖలో ఉన్నారు, రమ్మంటారు. నేను వెళ్ళి పదిహేను రోజులకి వచ్చేస్తాను.

అమ్మాయికి అన్నీ భయపెట్టేవే చెప్పాం. సంక్రాంతి దాటాక ఏరు సన్నబడుతుంది, ఇసుక తిన్నెలు తేలతాయి. అక్కడ పుచ్చ, దోస, సొర వేస్తారు. చిన్నప్పుడు వేసవిలో ఇసుకలో చేతులతో చెలమ తవ్వేవాళ్ళం. మోచేతి లోతు వెళ్ళేసరికి అడుగున నీరు ఊరుతుంది. మొదటి నీరు మట్టిగా ఉంటుంది, దోసిలితో తోడి పారేయాలి. రెండోసారీ తోడాలి. మూడోసారి ఊరిన నీరు, ఎండలో కూడా చల్లగా, అడుగున ఇసుక రేణువులు ఒక్కొక్కటీ కదులుతూ కనిపిస్తాయి. ఆ నీళ్ళు తాగి పెరిగినవాణ్ణి. మీ పాపకి ఒకసారి తవ్వి చూపించు. ఈ రోజుల్లో పైన ఏమేం కలుస్తున్నాయో, అందుకని తాగించకు, చూపించు చాలు.

తొలకరి | మే 29, ఉదయం 9:05

ఇంతమంది ఇంత ఓపిగ్గా రాస్తారని అనుకోలేదు. కోత భూమి గారూ, మా తోట మేట పక్కనే ఉందిట. కానీ తోటకి ఎగువన బాబాయ్‌గారి పొలం మూడేళ్ళుగా విరుగుతోందిట. ఈ విషయం మా ఆయన నాకు ఇప్పటిదాకా చెప్పలేదు. రాత్రి కూర్చుని మాట్లాడుకున్నాం. వెళ్తున్నాం. పాప జులై నుంచి చిన్నత్త దగ్గర. లైఫ్ జాకెట్ ఆర్డర్ పెట్టాను. అక్కడికి వెళ్ళాక రాస్తాను.

తొలకరి | ఆగస్టు 4, సాయంత్రం 6:15

రాస్తానన్నాను, ఇప్పటికి కుదిరింది. నెట్ నిన్ననే వచ్చింది.

జులై రెండో వారంలో కాజ్‌వే మునిగింది, పడవలు మొదలయ్యాయి. రేవుగట్టు తమ్ముడూ, మొదటి రోజు పడవ ఎగువకి వెళ్తూంటే నువ్వు రాసింది గుర్తు తెచ్చుకుని కళ్ళు మూసుకోకుండా కూర్చున్నాను. రెండో రోజుకి కాస్త నయం. ఇప్పటికీ పడవ ఎక్కేముందు అరచేతులు చెమట పడతాయి.

తర్వాత రెండో హెచ్చరికదాకా వచ్చింది. భద్రాచలంలో తగ్గుతోందని తెలిసి మా ఆయన గేదెల్ని ఇంక గట్టు మీదకి తోలక్కర్లేదన్నారు. నేను మాస్టారి మాట చెప్పాను, శబరి సంగతి ఏమిటని. మావయ్యగారు నా వైపు ఒక చూపు చూసి, ఏమీ అనకుండా లేచి కూనవరం వైపు తెలిసినవాళ్ళకి ఫోన్ చేశారు. అక్కడ ఇంకా పెరుగుతోందిట. అప్పటికప్పుడు గేదెల్ని, దూడని పెద్ద పడవ మీద దాటించారు. దూడ ఎక్కనంటే ఎక్కనని కాళ్ళు బిగబట్టింది, నలుగురు ఎత్తి వేశారు. ఆ రాత్రే పెరట్లోకి నీరు వచ్చింది. తెల్లారేసరికి అరుగు ఎక్కి, వంటింట్లో చీలమండ దాకా.

నాగమల్లి అక్కా, నీరు తీస్తున్నప్పుడు అత్తయ్యగారూ నేనూ చెరో చీపురూ పట్టుకున్నాం. "నీకెవరు చెప్పారే" అన్నారు ఆవిడ. పొద్దున్న ఆరింటి నుంచి పదకొండు దాకా వంగి నీళ్ళలో బురద కెలుకుతూనే ఉన్నాం, నడుం పడిపోయింది. కానీ మధ్యాహ్నానికి నేల గచ్చు కనిపించింది. పక్కింటివాళ్ళు అందరూ గట్టు మీద ఉండిపోయారు, వాళ్ళిల్లు ఇప్పటికీ గోకుతున్నారు. రోజూ కాసేపు వెళ్ళి సాయం చేస్తున్నాను.

పాప చిన్నత్త దగ్గర బాగానే ఉంది. పదకొండు రోజులు చూడలేదు దాన్ని. వెళ్ళేసరికి దగ్గరికి రాలేదు, చిన్నత్త వెనక నిలబడింది. అది మాత్రం వరద కంటే కష్టంగా అనిపించింది.

తోటలో మూడు రోజులు నీరు నిలిచింది. ఆకులు పసుపు తిరుగుతున్నాయి. రావులపాలెం మార్కెట్‌కి పంపాల్సిన గెలలు ముందే కొట్టి కొంత పంపారు, ధర పలకలేదు. మిగిలిన చెట్లు నిలబడతాయా?

కోత భూమి | ఆగస్టు 4, రాత్రి 8:00

కాండం అడుగున చేత్తో నొక్కి చూడండమ్మా. మెత్తగా, కుళ్ళు వాసన వస్తే ఆశ వదులుకోవాలి. గట్టిగా ఉంటే వరసల మధ్య కాలవ తీసి నీరు తీసెయ్యండి, పసుపు ఆకులు కోసేయండి. పిలకలు బతికితే అవే వచ్చే పంట. పాడైన చెట్ల లెక్క రాసుకోడానికి అధికారులు వచ్చేదాకా చెట్లేవీ నరికేయొద్దు, ముందు ఫోటోలు తీసి పెట్టుకోండి. మీ బాబాయ్‌గారి పొలం ఎలా ఉంది?

తొలకరి | ఆగస్టు 4, రాత్రి 8:40

రెండు వరసల కొబ్బరి వెళ్ళిపోయింది. చప్పుడు నేనూ విన్నాను. మీరు రాసినట్టే ఉంది.

గట్టు అవతల | ఆగస్టు 4, రాత్రి 9:12

పాపని అవతల ఉంచినందుకు సంతోషం అమ్మా. నాలుగు రోజుల్లో మళ్ళీ దగ్గరకొస్తుంది, బెంగ పెట్టుకోకు.

తొలకరి | ఆగస్టు 5, ఉదయం 7:30

వచ్చిందండి. నిన్న రాత్రి వీడియో కాల్‌లో దూడని చూపించమంది. రేవుగట్టు తమ్ముడూ, ఒక్క మాట. పాపకి ఈత నేర్పించాలనుకుంటున్నాం. ఎప్పుడు, ఎక్కడ మంచిది?

రేవుగట్టు | ఆగస్టు 5, ఉదయం 8:05

గోదారిలో వద్దక్కా. నీరు తేటగా ఉన్నా అడుగున గోతులుంటాయి, ఇసుక జారుతుంది. సంక్రాంతి వెళ్ళాక గట్టు అవతల పంటకాలవలో, నడుం లోతున్న చోట, పెద్దవాళ్ళు ఇద్దరు పక్కనుండి నేర్పించండి. మా అక్క కూతురు అక్కడే నేర్చుకుంది. ఎండిన సొరకాయ బుర్రలు రెండు నడుముకి కట్టేవాళ్ళం మేము, ఇప్పుడు మీ జాకెట్ ఉంది కదా.

తొలకరి | ఆగస్టు 5, ఉదయం 8:20

అలాగే చేస్తాం. పాపతో పాటు నేనూ దిగుతాను. ముందు నాకు నేర్పమని అత్తయ్యగారిని అడిగాను, సరే అన్నారు.